లెక్కలోకి రాని ఏడు నెలలు

2023 దీపావళికి నేను ఊరు వచ్చిన మర్నాడు మా తమ్ముడు సోంపేట స్టేషన్లో దిగాడు. సొంత తమ్ముడు కాదు, చిన్నాన్న కొడుకు. ఏడు నెలలు సముద్రం మీద ఉండి వస్తున్నవాడు, రెండు మూడు పెట్టెలైనా ఉంటాయని బైకు వదిలేసి ఆటో మాట్లాడుకుని వెళ్ళాను. వాడి భుజాన ఒక్క సంచీ ఉంది. బాగా చిక్కిపోయాడు. ఎడమ చేతి మీద ఒక కాలిన మచ్చ. ఆటో కవిటి రోడ్డెక్కి, తోటలు మొదలయ్యేదాకా ఏమీ మాట్లాడలేదు. అప్పుడడిగాడు:

“అన్నయ్యా, ఏడు నెల్లు ఓడ మీద పనిచేసినాను కదా, అది ఎక్కడ రాయించుకోవాలి?”

జీతం ఎగ్గొట్టారని చెప్తాడనుకున్నాను. అదీ చెప్పాడు, కానీ తర్వాత. ముందు వాడిని తినేస్తున్నది ఈ ప్రశ్న. ఓడ ఉద్యోగంలో పైమెట్టు ఎక్కాలంటే ఇన్ని నెలలు సముద్రం మీద పనిచేశానని పుస్తకంలో ఎక్కాలి. ఎక్కకపోతే ఆ నెలలు లేనట్టే. వాడి దగ్గర ఉన్న పుస్తకం మీద ఏదో వేరే దేశం పేరుంది. దాన్ని ఏజెంటు ఇచ్చాడట. ఆ రాత్రి నేను ల్యాప్‌టాప్ తెరిచి, ఈ దేశంలో ఓడ మీద పనిచేసినవాడి నెలల్ని లెక్కపెట్టేది ఎవరని వెతకడం మొదలుపెట్టాను. అలా నాకు డైరెక్టరేట్ జనరల్ ఆఫ్ షిప్పింగ్ అనే ఆఫీసు పరిచయమైంది. ఓడల వాళ్ళు డీజీ షిప్పింగ్ అంటారు.

సముద్రం ఒడ్డున పుట్టి పెరిగిన నాకు ముప్పై దాటేదాకా ఆ పేరు తెలియదు. మావాళ్ళెవరికీ తెలియదు. కళింగపట్నం దీపస్తంభం తెలుసు, బారువ తీరం తెలుసు. దీపస్తంభాలు చూసుకునేది వేరే డైరెక్టరేట్. చేపల పడవలది ఇంకో శాఖ. చిన్న రేవులు రాష్ట్రానివి. డీజీ షిప్పింగ్ ముంబయిలో ఉంటుంది. 1949 సెప్టెంబరులో పెట్టారు. ఓడలకు భారత జెండా కట్టుకునే హక్కివ్వడం దగ్గర్నుంచి, ఆ ఓడలు సముద్రానికి తగినవో కాదో తనిఖీ చేయించడం, మన తీరం వెంట సరుకు మోయడానికి విదేశీ ఓడకు అనుమతి ఇవ్వాలా వద్దా తేల్చడం, ఓడ పని నేర్పే కాలేజీలను ఆమోదించడం, పరీక్షలు పెట్టడం, నావికుడికి గుర్తింపు ఇవ్వడం దాకా దానివే. దేశపు ఓడల పరిశ్రమకు పెద్దదిక్కు అనుకోవచ్చు.

నావికుడికి అది ఇచ్చేవి రెండు. మొదటిది ఇండోస్ నంబరు. దేశంలోని నావికులందరి పట్టికలో మనిషికొక వరస. రెండోది సీడీసీ. పాస్‌పోర్టులాంటి పుస్తకం, పదేళ్ళు చెల్లుతుంది. ఓడ ఎక్కిన ప్రతిసారీ అందులో ఓడ పేరు, ఎక్కిన తేదీ, దిగిన తేదీ, ఏ హోదాలో చేశాడు అన్నవి రాసి కెప్టెన్ సంతకం పెడతాడు. నావికుడి ఉద్యోగ జీవితమంతా ఆ ముద్రల్లోనే ఉంటుంది. నేను పొద్దున్నుంచి రాత్రిదాకా డేటాబేసులతోనే బతుకుతాను. పట్టికలో వరస లేనివాడు ఆ పట్టిక నడిపే లోకంలో లేనట్టేనని నాకు వేరే చెప్పక్కర్లేదు. అయినా ఎదురుగా చేయి కాలి కూర్చున్నవాడితో ‘నువ్వు అసలు ఓడ ఎక్కనట్టే’ అని అనడానికి నోరు రాలేదు. రెండు రోజులు ‘చూస్తున్నాను’ అని చెప్పి తప్పించుకున్నాను.

*

వాడు ఎందుకు వెళ్ళాడో చెప్పాలంటే తిత్లీ దగ్గరికి వెళ్ళాలి. 2018 అక్టోబరు 11 తెల్లవారుజామున ఆ తుఫాను మా ఉద్దానం మీద తీరం దాటింది. కొబ్బరి, జీడి, పనస ఒక్క పూటలో నేలకొరిగాయి. వరి పోతే ఏడాది పోతుంది. కొబ్బరి చెట్టు పోతే, మళ్ళీ మొక్క నాటి కాయ కోసుకోవడానికి ఆరేడేళ్ళు పడుతుంది. ఆ ఆరేడేళ్ళు ఏం తినాలి? అప్పటికే ఉద్దానం కుర్రాళ్ళు వెల్డింగూ ఫిట్టింగూ నేర్చుకుని ఊళ్ళు దాటుతున్నారు. తిత్లీ తర్వాత అది ఇంకా పెరిగింది. కంచిలి వైపూ సోంపేట వైపూ విదేశీ ఉద్యోగాల బోర్డులు చూస్తాం. వాటిల్లో తెల్లబట్టలు, భుజాల మీద బంగారు గీతలు ఉన్న కుర్రాడి బొమ్మ ఉంటే అది మర్చంట్ నేవీ బోర్డన్నమాట. నేవీ అన్న మాట ఉంది కాబట్టి అది సర్కారు కొలువని నమ్మేవాళ్ళు మావైపు ఇప్పటికీ ఉన్నారు. కాదు. సరుకులు మోసే ఓడలు అవి. ఎక్కువ భాగం ప్రైవేటు కంపెనీలవి.

చిన్నాన్న మిగిలిన జీడితోట తాకట్టు పెట్టి నాలుగు లక్షలు తెచ్చాడు. ఏజెంటు వాటిని మూడు విడతల్లో తీసుకున్నాడు. పది రోజుల ట్రైనింగ్ అని ఒక నగరంలో ఒక గదిలో కూర్చోబెట్టి, కొన్ని సర్టిఫికెట్లు చేతికిచ్చి, విజిట్ వీసా మీద ఒక గల్ఫ్ రేవుకి విమానం ఎక్కించాడు. అక్కడ ఎక్కిన ఓడ ఎవరిదో వాడికి ఇప్పటికీ తెలియదు. రెండు నెలల జీతం ఇచ్చి, మిగతాది తర్వాత అన్నారు. ఒకరోజు ఓనరు మారాడని చెప్పి దింపేశారు. టికెట్టు డబ్బులు మేమే పంపాం.

“ఏటి సిన్నాన్నా, అంత డబ్బు ఇచ్చేముందు నన్నొక్క మాట అడగొచ్చు కదా?” అన్నాను. గట్టిగానే అన్నట్టున్నాను.

చిన్నాన్న కాసేపు ఊరుకున్నాడు. “ఆడు మన తెలుగోడే బాబూ. మూడుసార్లు మనింటికొచ్చినాడు. ఇదిగో ఈ మంచం మీదే కూకుని మీ పిన్ని సేతి టీ తాగినాడు. నువ్వు సెప్పిన ఆఫీసు బొంబాయిలో ఉందంటే నాకేటి తెలుస్తాది? ఇంటికొచ్చినోడే నాకు ఆఫీసు” అన్నాడు.

నాకు దీనికి అప్పుడు జవాబు దొరకలేదు. ఇప్పటికీ సగమే దొరికింది.

*

ఓడ ఎక్కించే మనిషి ఊళ్ళోకి రావడం మావైపు కొత్త కాదు. మా ముత్తాత రంగం వెళ్ళాడని ఇంట్లో చెప్పుకుంటారు. రంగం అంటే రంగూన్. వెనకటి విశాఖపట్నం, గోదావరి జిల్లాల నుంచి లక్షల మంది కూలీలు బర్మాకి వెళ్ళిన కాలం అది. ధాన్యం మిల్లుల్లో, రేవుల్లో పని. మేస్త్రీ ఊళ్ళోకొచ్చి బయానా ఇచ్చి మనుషుల్ని కూడగట్టేవాడు. కళింగపట్నం, భీమిలిలాంటి చోట్ల పెద్ద ఓడ ఒడ్డుకి రాలేదు. దూరంగా లంగరు వేస్తే, అలలు దాటించే మసూలా పడవల మీద వెళ్ళి ఎక్కాలి. డెక్కు మీదే పడక, డెక్కు మీదే తిండి. ఆ ఓడలు ముఖ్యంగా బ్రిటిష్ ఇండియా స్టీమ్ నావిగేషన్ కంపెనీవి. మన తీరం నుంచి మన మనుషుల్ని మోసి ఆ టికెట్ల డబ్బు సంపాదించింది వాళ్ళు.

ఇదంతా మారాలన్నది స్వాతంత్ర్యం నాటి పట్టుదల. సి.పి. రామస్వామి అయ్యర్ అధ్యక్షతన వేసిన నౌకాయాన ఉపసంఘం 1947లో లక్ష్యాలు పెట్టింది. తీరం వెంట వ్యాపారం నూటికి నూరు శాతం మన ఓడలే చేయాలి. బర్మా, సిలోన్‌లాంటి పొరుగు దేశాలతో వ్యాపారంలో 75 శాతం, దూరదేశాలతో 50 శాతం మన ఓడలకు రావాలి. అప్పటికి మన ఓడలన్నీ కలిపినా రెండు లక్షల టన్నులు లేవు. కమిటీ అడిగింది ఇరవై లక్షలు. బర్మాకి 75 శాతం అన్న అంకె చూసినప్పుడు నేను ముత్తాత గురించే ఆలోచించాను. కానీ ఆ అంకె రాసేనాటికే 1942 బాంబులకి రంగం ఖాళీ అయిపోయింది. మనవాళ్ళు ఎంతోమంది కాలినడకన అడవులు దాటి వెనక్కి వచ్చారు.

మాకు దగ్గరలో ఆ పట్టుదలకి గుర్తు విశాఖలో ఉంది. విశాఖలో ‘సింధియా’ అని ఒక పేట. బస్సు కండక్టరు రోజుకి వందసార్లు ఆ పేరు పిలుస్తాడు. వాల్‌చంద్ హీరాచంద్ వాళ్ళ సింధియా స్టీమ్ నావిగేషన్ కంపెనీ అక్కడ ఓడల కర్మాగారం కట్టింది. 1941లో బాబూ రాజేంద్రప్రసాద్ శంకుస్థాపన చేశారు. 1948 మార్చిలో నెహ్రూ ‘జల ఉష’ని నీళ్ళలోకి దింపారు. విశాఖలో ఓడ కట్టడం బ్రిటన్‌లో కట్టడం కంటే ఖరీదయ్యేది. ఆ తేడాను ప్రభుత్వం భరించింది. 1952లో కర్మాగారాన్నే చేతుల్లోకి తీసుకుని హిందుస్థాన్ షిప్‌యార్డ్ అని పేరు పెట్టింది. జల ఉషకీ దీనికీ మధ్యలో, 1949లో, డీజీ షిప్పింగ్ వచ్చింది. 1958లో మర్చంట్ షిప్పింగ్ చట్టం. 1961 అక్టోబరు 2న రెండు ప్రభుత్వ కంపెనీలు కలిసి షిప్పింగ్ కార్పొరేషన్ ఆఫ్ ఇండియా అయింది. ఈ వరస చూస్తే ఆ ఆఫీసు ఎందుకు పుట్టిందో తెలుస్తుంది. మన సరుకు మన ఓడలో, మన జెండా కింద వెళ్ళాలి. దానికి అప్పు, రాయితీ, అనుమతి, నియమం ఏది కావాలంటే అది చూడాలి.

కొంతకాలం అది జరిగింది కూడా. 1980ల చివర్లో మన ఎగుమతి దిగుమతుల్లో దాదాపు 40 శాతం భారత జెండా ఓడలే మోశాయి. ఇప్పుడు పదోవంతు కూడా మోయడంలేదు. వ్యాపారం పెరిగినంత వేగంగా ఓడలు పెరగలేదు. పన్ను తక్కువ, అడిగేవాళ్ళు తక్కువ ఉన్న దేశాల జెండాలు ఓడల యజమానుల్ని లాగేశాయి. 2004లో టన్నేజ్ ట్యాక్స్ పెట్టి పన్ను భారం తగ్గించారు. 2018లో విదేశీ జెండా కంటెయినర్ ఓడలకు తీరం వెంట కూడా దారి వదిలారు. ఇందులో ఏది మంచి, ఏది చెడు అన్నది తేల్చేంత ఆర్థికశాస్త్రం నాకు రాదు. నాకు కనిపించేది మాత్రం ఒకటుంది. జెండా తగ్గుతున్నా మనుషులు తగ్గలేదు. ప్రపంచంలో నావికుల్ని ఎక్కువగా ఇచ్చే దేశాల్లో మనది ముందు వరసలో ఉంది. వాళ్ళ సంఖ్య రెండు లక్షలు దాటింది. వాళ్ళలో ఎక్కువమంది పనిచేసేది పరాయి జెండా కింద. దేశానికి ఓడలు సమకూర్చాలని పుట్టిన ఆఫీసు, ఇవాళ మా ఉద్దానం కుర్రాడి వరకూ వస్తే, పరాయి ఓడ ఎక్కడానికి చేతికి కాగితం ఇచ్చే ఆఫీసు. కాగితమేగా అని తీసిపారేస్తాం. ఆ కాగితం లేకపోతే మేస్త్రీ బయానాకీ ఏజెంటు విజిట్ వీసాకీ తేడా ఏముంది?

*

ఆ కాగితం వెనక చట్టం గట్టిదే. నావికుల్ని ఉద్యోగంలో పెట్టే కంపెనీకి డీజీ షిప్పింగ్ లైసెన్సు ఉండాలి. 2005లో దీనికి నియమాలు చేశారు, 2016లో మళ్ళీ రాశారు. నావికుల హక్కుల మీద అంతర్జాతీయ ఒప్పందం 2006 నాటిది. మన దేశం దాన్ని 2015లో ఆమోదించింది. ఇక్కడ అందరికీ తెలియాల్సిన మాట ఒకటుంది. ఓడ మీద ఉద్యోగం ఇప్పించినందుకు నావికుడి దగ్గర రూపాయి కూడా తీసుకోకూడదు. ఆ ఖర్చు ఓడ యజమానిది. పాస్‌పోర్టు, వైద్య పరీక్ష, సీడీసీలాంటివి మాత్రం నావికుడు పెట్టుకోవాలి. అంటే మా చిన్నాన్న ఇచ్చిన నాలుగు లక్షల్లో మొదటి రూపాయి చేయి మారినప్పుడే అది నేరం.

లైసెన్సున్న కంపెనీల జాబితా బహిరంగంగా ఉంటుంది. ప్రతిదానికీ ఒక నంబరు ఉంటుంది. ఆ రాత్రి నేను ఏజెంటు ఇచ్చిన విజిటింగ్ కార్డు పక్కన పెట్టుకుని చూశాను. ఐదు నిమిషాలు పట్టలేదు. వాడి కంపెనీ లేదు. వాడు ట్రైనింగ్ ఇప్పించానన్న సంస్థ కూడా ఆమోదించిన సంస్థల జాబితాలో లేదు.

మా వృత్తిలో దీన్ని వైట్‌లిస్ట్ అంటాం. ఫలానావాళ్ళకే లోపలికి అనుమతి, మిగతా అందరూ బయట. మంచి పద్ధతి. కానీ అది పనిచేయాలంటే తలుపు దగ్గర ఎవరో నిలబడి ప్రతిసారీ జాబితా చూడాలి. ఇక్కడ తలుపు దగ్గర నిలబడ్డది మా చిన్నాన్న. ఆయనకి జాబితా ఉందనే తెలియదు. ఉందని తెలిసినా అది ఇంగ్లీషులో ఉంటుంది. లైసెన్సు ఉన్న కంపెనీ తప్పుచేస్తే డీజీ షిప్పింగ్ దాని లైసెన్సు ఆపగలదు, రద్దు చేయగలదు. లైసెన్సే లేనివాడి దగ్గర రద్దు చేయడానికేముంది? వాడి సంగతి పోలీసులు చూడాలి. మేమూ కేసు పెట్టాం. అప్పటికే వాడి బోర్డు మారిపోయింది, ఫోను మారిపోయింది. డబ్బులు ఈరోజుకీ రాలేదు.

అప్పుడు నాకు కోపం వచ్చింది ఏజెంటు ఒక్కడి మీదే కాదు. ఏడు నెలలు చెమటోడ్చిన కుర్రాడి శ్రమని గుర్తించని నియమం మీద కూడా. మోసపోయింది వాడు. శిక్ష కూడా వాడికేనా? ఓడ నిజం, సముద్రం నిజం, వాడి చేతి మీద మచ్చ నిజం. కాగితం ఒక్కటే అబద్ధం. ఆ మాటే వాడితో అన్నాను. వాడు నాతో వాదించలేదు. అప్పుడే కాదు, ఎనిమిది నెలల తర్వాత జవాబిచ్చాడు.

*

ఆ ఎనిమిది నెలలూ మాకు వయసుతో పోటీ. సరైన దారిలో కింది మెట్టు నుంచి మొదలుపెట్టాలంటే జీపీ రేటింగ్ అనే ఆరు నెలల కోర్సు ఉంది. టెన్త్ చదివితే చాలు. మొత్తం మీదా, ఇంగ్లీషులోనూ కనీసం 40 శాతం మార్కులుండాలి. వయసు పదిహేడున్నర దాటాలి, 25 మించకూడదు. టెన్త్ మెమో కోసం ఇల్లంతా వెతికారు. తిత్లీ రోజు తడిసి అట్టలా అయిపోయిన ఫైల్లో దొరికింది. ఇంగ్లీషు మార్కు నేను వేలు పెట్టి రెండుసార్లు చదివాను. గట్టెక్కాడు. మాకు కుదిరిన బ్యాచ్ 2024 జూలైలో మొదలైంది. వాడికి ఆగస్టులో 25 నిండుతాయి. ఆ ఏజెంటు తిన్నది నాలుగు లక్షలే అనుకుంటే పొరపాటు. ఒక్క నెల అటూ ఇటూ అయితే సముద్రమే తినేసేవాడు.

కోర్సులో చేరిన రెండు మూడు వారాలకి ఒక రాత్రి ఫోన్ చేశాడు.

“అన్నయ్యా, ఆ ఓడలో ఓ రోజు నన్ను ట్యాంకులోకి దింపినారు. తుడవమన్నారు. ముక్కుకి గుడ్డ కట్టుకుని దిగినాను. కళ్ళు తిరిగినట్టయితే ఎండ అనుకున్నాను. పైకొచ్చీసినాను. ఈరోజు క్లాసులో సెప్పినారు. మూసున్న ట్యాంకులో గాలి ఉండదట. మీటరు పెట్టి సూడకండా దిగకూడదట. ఒకడు పడిపోతే ఆడ్ని తీడానికి దిగినోడు కూడా పడిపోతాడట.” కాసేపు ఆగాడు. “నా యెనకాల ఇంకొకడు దిగడానికి రెడీగా నిలబడున్నాడన్నయ్యా.”

మూసి ఉన్న ట్యాంకుల్లో తుప్పు కూడా ఆక్సిజన్ని తినేస్తుంది. మామూలు గాలిలో అది 21 శాతానికి కొంచెం తక్కువ. బాగా పడిపోతే మనిషికి ముందస్తు హెచ్చరిక కూడా ఉండదు, స్పృహ పోతుంది. ప్రపంచమంతటా ఓడల మీద ఇలా పోయినవాళ్ళున్నారు. రక్షించబోయి పోయినవాళ్ళూ ఉన్నారు. నావికులకి ఏం నేర్పాలి, ఎంత నేర్పాలి అన్నది తేల్చే అంతర్జాతీయ ఒప్పందం 1978లో వచ్చింది, 1995లోనూ 2010లోనూ బిగించారు. పుస్తకంలో సరైన ముద్ర ఉందంటే, వీడికి ట్యాంకు గురించి ఎవరో చెప్పారు, మంట ఆర్పడం చేయించారు, లైఫ్‌బోట్ దింపించారు అని అర్థం. పక్కవాడు తన ప్రాణం ఆ ముద్రని నమ్మి పెడతాడు.

ఆ ఏడు నెలల్ని లెక్కలో వేసుకోవాలని నేను పట్టుబట్టానే, వేసుకుని ఉంటే ఏమయ్యేది? ట్యాంకు సంగతి తెలియని మనిషి, ఏడు నెలల అనుభవం ఉందన్న ముద్రతో ఇంకో ఓడ ఎక్కేవాడు. వాడిని నమ్మి ఇంకొకడు దిగేవాడు. నియమం వాడి చెమటని చిన్నచూపు చూడలేదు. నేర్పాల్సింది ఎవరూ నేర్పలేదన్న సంగతిని మాత్రమే అది పట్టుకుంది. నేను ఒప్పుకున్నాను. చిన్నాన్న నాలుగు లక్షల విషయంలో మాత్రం ఇప్పటికీ ఒప్పుకోను. జాబితా ఉండటం వేరు, అది కవిటి దాకా రావడం వేరు.

*

మా తీరం మనుషులు వార్తల్లోకి ఎక్కాలంటే పట్టుబడాలి. 2018 నవంబరులో గుజరాత్ తీరం నుంచి వేటకి వెళ్ళిన శ్రీకాకుళం, విజయనగరం మత్స్యకారుల్ని పాకిస్తాన్ వాళ్ళు పట్టుకున్నారు. 2020 జనవరిలో వదిలారు. దాని మీద 2025లో ‘తండేల్’ సినిమా వచ్చింది. ఊళ్ళో అందరితో కలిసి చూశాను. సముద్రం, తుఫాను, ఎదురుచూపులు, ప్రేమ. హాల్లో ఏడ్చినవాళ్ళున్నారు. నేనూ ఏమంత గట్టిగా లేను. కానీ బయటికొచ్చాక నాకొక కొరత అనిపించింది. మన కథల్లో వలసకి కన్నీళ్ళున్నాయి, కాగితాలు లేవు. ఎవరు సంతకం పెట్టారు, ఎవరు బయానా ఇచ్చారు, ఒప్పందంలో ఏముంది, మనిషి పోతే ఎవరు బాధ్యులు అన్నవి కథకి అడ్డమని వదిలేస్తాం. మా ఇంట్లో జరిగిన కథంతా అక్కడే ఉంది. చిన్నాన్న తుఫానుకి తట్టుకున్నాడు, విజిటింగ్ కార్డు దగ్గర ఓడిపోయాడు.

వేటకెళ్ళేవాళ్ళకి ఈ సీడీసీ, ఇండోస్ ఉండవు. అది వేరే లోకం, వేరే చట్టం. ఒకే ఊళ్ళో అన్న వేట పడవ మీద, తమ్ముడు సరుకు ఓడ మీద వెళ్ళినా, రాజ్యం వాళ్ళని వేర్వేరు బీరువాల్లో పెడుతుంది. 1958 చట్టం స్థానంలో 2025లో కొత్త మర్చంట్ షిప్పింగ్ చట్టం వచ్చింది. చట్టం మారినా మా ఊరి వరకు పని ఒకటే. ఆ బీరువా ఎక్కడుందో, తాళం ఎవరి దగ్గరుందో మనవాళ్ళకి మన మాటల్లో చెప్పాలి.

తమ్ముడు కోర్సు ముగించి, పరీక్ష రాసి, సీడీసీ తెచ్చుకున్నాడు. లైసెన్సున్న కంపెనీ ద్వారా 2025లో మొదటి ఓడ ఎక్కాడు. మొదటి ఓడ అనే అంటాడు వాడు. బొగ్గూ ధాన్యమూ మోసే బల్క్ క్యారియర్ అది. యజమానులు గ్రీసు వాళ్ళు, జెండా లైబీరియాది. ఓడ వెనక ‘మన్రోవియా’ అని రాసి ఉన్న ఫోటో పంపాడు. చిన్నాన్న ఆ ఫోటోనీ, పుస్తకంలో మొదటి ముద్ర ఉన్న పేజీనీ కాగితాల మీద తీయించి దేవుడి పటాల పక్కన గోడకి అంటించాడు.

మూలపేటలో పోర్టు కడుతున్నారు. 2023 ఏప్రిల్లో శంకుస్థాపన జరిగింది. మొన్న సంక్రాంతికి చిన్నాన్న అడిగాడు: “మూలపేట పోర్టయిపోతే మనోడి ఓడ ఇక్కడికే వొస్తాదేటి బాబూ?”

రావచ్చు, సరుకుంటే. అది లైబీరియా జెండాతో వస్తుంది, రెండు రోజులుండి వెళ్ళిపోతుంది, వాడు అప్పటికి వేరే ఓడ మీద ఉంటాడు. ఇదంతా చెప్పలేదు. “రావొచ్చు సిన్నాన్నా” అన్నాను.

ఆ సెలవుల్లోనే ఒక పని చేశాను. ఒక తెల్లకాగితం మీద పెద్ద అక్షరాల్లో తెలుగులో నాలుగు ప్రశ్నలు రాసి, జిరాక్సులు తీయించి, సచివాలయం దగ్గరా, బస్టాండు పక్క టిఫిన్ సెంటర్లోనూ అంటించాను. ఏజెంటుకి డీజీ షిప్పింగ్ లైసెన్సు నంబరు ఉందా? ఉద్యోగం ఇప్పిస్తానని డబ్బులు అడుగుతున్నాడా? నీ చేతిలో ఇండోస్ నంబరు, మన దేశపు సీడీసీ ఉన్నాయా? ఓడ పేరు, జీతం రాసిన ఒప్పందం వెళ్ళకముందే చేతికిచ్చారా? కింద నా ఫోన్ నంబరు.

నెల్రోజులు ఎవరూ చేయలేదు. తర్వాత ఒక రాత్రి కంచిలి వైపు కుర్రాడు వాట్సాప్‌లో ఒక కార్డు ఫోటో పెట్టాడు. ‘అన్నా, దీనిమీద నంబరుంది. జాబితాలో పేరు కూడా ఉంది. కట్టీమంటారా?’ చూశాను. పేరు నిజంగానే ఉంది. కానీ జాబితాలో ఆ పేరు ఎదురుగా ఉన్న నంబరు వేరు, ఊరు వేరు. ఎవరిదో పేరు పెట్టుకుని తిరుగుతున్నాడు.

ఫోన్ చేసి, కట్టొద్దని చెప్పాను. “అయితే మా నాన్నకేటి సెప్పాలన్నా? ఆయన మాటిచ్చీసినాడు, రేపు పొద్దున్నే ఆడొస్తాడు” అన్నాడు.

ఫోను వాళ్ళ నాన్నకివ్వమన్నాను.